ఒడెస్సా పాడిన ప్లేటు

అమరేశ్వరరావు గారికి ఒక పాట పిచ్చి. పాటల పిచ్చి లోకంలో చాలామందికి ఉంటుంది, దాన్నెవరూ తప్పుపట్టరు. ఈయనది ఒకే ఒక్క పాట. దాని పేరు ‘నో ఫెర్రీ టునైట్’. కెనడాలోని విండ్సర్ ఊళ్ళో కార్ల ఫ్యాక్టరీ టూల్‌రూమ్‌లో ముప్ఫై ఒక్క ఏళ్ళు పనిచేసి రిటైరైన ఈ తెనాలి మనిషి, ఆ జాజ్ పాటను ప్రపంచంలో ఎవరెవరు, ఏ ఏడు, ఏ ఊళ్ళో రికార్డు చేశారో ఏరి ఏరి తెచ్చి ఇంటి బేస్‌మెంట్ నింపేశారు. లెక్క నూట నలభై మూడు దగ్గర ఆగింది. కాపురం చేసింది సూర్యకుమారి గారితోనే అయినా, ఆయన బతికింది మాత్రం ఆ పాటతోనే.

ఆ బేస్‌మెంట్‌లో ఒక మూల గది ధాత్రికి దొరికింది. ధాత్రిది ఖమ్మం. మాస్టర్స్ చేయడానికి 2023 జనవరిలో దిగింది. అప్పట్లో దిగిన ప్రతి విమానంలోంచీ ఒక క్లాసురూముకు సరిపడా పిల్లలు దిగేవాళ్ళు. యూనివర్సిటీ దగ్గర రెండు బెడ్‌రూముల ఇంట్లో తొమ్మిది మంది ఆడపిల్లలు. ధాత్రి పరుపు ఫ్రిజ్‌కీ గోడకీ మధ్య. ఎవరైనా పెరుగు తీసుకోవాలంటే ఆమె లేచి నిలబడాల్సిందే. ఆ రోజుల్లో తెలుగు వాళ్ళ వాట్సాప్ గ్రూపులో ఒక మెసేజ్ వచ్చింది: ‘రూమ్ ఉంది, రెంట్ అక్కర్లేదు, రోజుకు రెండు గంటలు టైప్ చేయాలి, చెవులు బాగా పనిచేయాలి.’ చెవుల సంగతి చూసి గ్రూపంతా పడీపడీ నవ్వుకున్నారు. ధాత్రి నవ్వలేదు. చిన్నప్పుడు సంగీతం టీచరు దగ్గర వర్ణాల దాకా నేర్చుకున్న పిల్ల. చెవులకు ఢోకా లేదు.

అమరేశ్వరరావు గారు పుస్తకం రాస్తున్నారు. ఆ పాట చరిత్ర. పదిహేనేళ్ళుగా రాస్తూనే ఉన్నారు, అదెప్పటికి తెములుతుందో ఆ దేవుడికే తెలియాలి. ధాత్రి పని ఏమిటంటే, ఒక్కో రికార్డింగు విని, ముందు వాటికీ దీనికీ తేడా ఎక్కడుందో చెప్పి, ఆయన చెప్పింది టైప్ చేయడం.

ఆ చరిత్ర కూడా వినతగ్గదే. డెట్రాయిట్‌కీ విండ్సర్‌కీ మధ్య, అమెరికా కెనడాల సరిహద్దు నది మీద తిరిగే ఫెర్రీలు 1938లో ఆగిపోయాయి. వంతెనా సొరంగమూ వచ్చాక పడవలెవరికి కావాలి? మూడేళ్ళకు, 1941లో, డెట్రాయిట్ బ్యాండ్ లీడర్ వాల్టర్ హేగెట్ ఈ పాటను విడుదల చేశాడు. నదికి ఈ ఒడ్డున ఒక ఆడమనిషి, ఆ ఒడ్డున ఆమె మనిషి, మధ్యలో పడవ లేదు. అంతే పాట. కానీ హేగెట్ దాన్ని గంతులేసే డాన్సు పాట చేశాడు. ఇంత దిగులు పాటకు కాళ్ళాడించిన ఘనత వాడిదే. 1956లో కోరా డెలానీ అనే గాయని దాన్ని నెమ్మది నడకలో పెట్టి, చివరి వాక్యంలో పైకి వెళ్ళాల్సిన గొంతును కిందికి దింపింది.

“విన్నావా అమ్మాయ్ ఆ మలుపు? ఆ తర్వాత పాడినోడు ఎవడూ మళ్ళీ పైకెళ్ళలేదు. అంత దెబ్బ కొట్టిందావిడ,” అనేవారు అమరేశ్వరరావు గారు, మోకాలి మీద తాళం వేస్తూ.

1961లో లెన్ బార్టో సాక్సఫోన్ మీద పదమూడు నిమిషాలు వాయించాడు. తర్వాత జపాన్‌లో, బ్రెజిల్‌లో, ఎయిర్‌పోర్టుల్లో, లిఫ్టుల్లో. వేసవికాలం వచ్చేసరికి ధాత్రి నాలుగు సెకన్లు విని ఇది ఏ ఏడు, ఎవరిది అని చెప్పే స్థితికొచ్చింది. ఒకటి రెండుసార్లు ఆయనే తడబడితే ఈమే సరిదిద్దింది. ఆయన నొచ్చుకోలేదు. పట్టరానంత సంతోషపడి, మీ ఆంటీకి ఇప్పటికీ ఒక్కటి కూడా గుర్తుండదు అని సూర్యకుమారి గారిని మధ్యలోకి లాగారు. ఆవిడ పైనుంచే, “నాకు గుర్తుండేవి నాకున్నాయిలెండి,” అని సమాధానమిచ్చింది.

అయితే ఆ చరిత్రలో ఒక ముల్లుంది. అచ్చులో రచయితగా వాల్టర్ హేగెట్ పేరే ఉంటుంది. పాట మాత్రం అతనిది కాదు. విండ్సర్‌లో నల్లవాళ్ళు ఎక్కువగా ఉండే మెక్‌డూగల్ వీధిలో ఒక సారాదుకాణంలో పియానో వాయించే ఒడెస్సా ప్రెంటిస్ కట్టిన పాట అది. హేగెట్ నది దాటొచ్చి, తాగుతూ కూర్చుని, విని, పట్టుకుపోయాడు. ఇది ఆ వీధి మనుషులు చెప్పుకునే మాట. చెప్పుకునే మాటకు విలువేముంది? ఆ వీధినే తర్వాత కూలగొట్టేశారు.

ఒక్క సాక్ష్యం మిగిలింది. 1939 అక్టోబరులో, ఊళ్ళో ఒక రేడియో షాపులో, ఒడెస్సా తన కోసం తాను పాడి, అక్కడి మిషన్ మీద గాడులు కోయించుకున్న ఒకే ఒక్క గ్రామఫోన్ ప్లేటు. రెండో కాపీ లేదు. దాని మీద పెన్సిల్‌తో తేదీ, ఆమె పేరు ఉన్నాయి. అందులో పాటకు ముందు ఇంకో చిన్న భాగం ఉందని, అది హేగెట్‌కు ఎప్పుడూ తెలియలేదని ఒడెస్సా కూతురు చెబుతుంది. అచ్చులో లేని ఆ భాగం బయటపడితే పాట ఎవరిదో తేలిపోతుంది.

ఆ కూతురే మిస్ లొరెయిన్. ఎనభై మూడేళ్ళ మనిషి. ఆవిడ భర్త టూల్‌రూమ్‌లో అమరేశ్వరరావు గారి పక్క మిషన్ మీద పనిచేసేవాడు. ఆ నమ్మకంతోనే ఆరేళ్ళ కిందట దిండుగలీబులో చుట్టిన ప్లేటును తెచ్చి ఈయన చేతిలో పెట్టింది. ఆయన దాన్ని రేకు పెట్టెలో పెట్టి తాళం వేశారు.

ధాత్రి వచ్చాక మిస్ లొరెయిన్ ఒకసారి ఇంటికొచ్చింది. టీ తాగి, కప్పు కింద పెట్టి, మొహమాటంగానే అడిగింది.

“అమర్, ఒక్కసారి పెడతావా? అమ్మ గొంతు విని అరవై ఐదేళ్ళయింది. ఆమెను పూడ్చిన రోజున పెట్టాం, అదే ఆఖరు.”

“పెట్టకూడదు లొరెయిన్. ఇది మామూలు రికార్డు కాదు. సూది ఆనిన ప్రతిసారీ కొంత కోసుకుపోతుంది. టొరంటో ఆర్కైవ్స్ వాళ్ళ దగ్గర స్పెషల్ సూది ఉంది. ఒక్కసారి పెట్టి, ఆ ఒక్కసారే కాపీ తీసేస్తారు. అప్పుడు రోజూ వినొచ్చు.”

“వాళ్ళెప్పుడొస్తారు?”

“కోవిడ్ వల్ల లేట్ అయింది. అక్టోబరులో వస్తామన్నారు.”

“అక్టోబరు దాకా ఉంటానంటావా?” అని నవ్వి, కోటు వేసుకుని వెళ్ళిపోయింది. ఆయన చెప్పింది నూటికి నూరుపాళ్ళు సరైన మాట. ధాత్రికి మాత్రం ఆ ముసలావిడ మెట్లెక్కుతూ ఒకసారి వెనక్కి తిరిగి రేకు పెట్టె వైపు చూడటం బాగా గుర్తుండిపోయింది.

అక్టోబరు వచ్చింది. ఆర్కైవ్స్ మనిషి వచ్చే బుధవారం వస్తానని మెయిల్ పెట్టాడు. ఈలోగా శుక్రవారం మూలానక్షత్రం, సరస్వతీ పూజ. ఆ ఇంట్లో ఏటా పూజలో పుస్తకాలతోపాటు ఒక రికార్డు కూడా పెట్టడం ఆనవాయితీ. ఈయన కోరా డెలానీకి కుంకుమ బొట్టు పెట్టి దండం పెట్టుకోవడం చూసి సూర్యకుమారి గారి చుట్టాలు చెవులు కొరుక్కునేవారట. ఈ ఏడు ఏది పెట్టాలో ఆయనకు ఆలోచించే పనే లేదు.

“ఒడెస్సాది పెడదాం. బుధవారం ఆవిడ పేరు బయటికొస్తుంది. ముందు అమ్మవారి ఆశీర్వాదం ఉండాలి,” అని ధాత్రికి తాళంచెవి ఇచ్చి, ఆయన పూలూ పళ్ళూ తేవడానికి కారేసుకుని వెళ్ళారు.

ధాత్రి తలంటు పోసుకుని, చుడీదార్ వేసుకుని, పెట్టె తెరిచింది. ఆ ప్లేటును విప్పి చూడటం ఆమెకు అదే మొదటిసారి. అల్యూమినియం రేకు మీద నల్లటి పూత. పూత మీద అంచు నుంచి మధ్య దాకా తెల్లగా, పొడిపొడిగా బూజు.

“ఆంటీ, దీనికి బూజు పట్టింది,” అంది పైకి తెచ్చి చూపిస్తూ.

“అయ్యో, అలాగే పెట్టకూడదమ్మా అమ్మవారి ముందు. శుభ్రంగా తుడిచి పెట్టు,” అంది సూర్యకుమారి గారు గారెలకు పిండి రుబ్బుకుంటూ.

శనాదివారాలు ధాత్రి ఒక సెల్‌ఫోన్ రిపేరు షాపులో పనిచేస్తుంది. నీళ్ళలో పడ్డ ఫోనైనా, జామ్ అంటిన చార్జింగ్ పోర్టయినా అక్కడ మందొక్కటే, స్పిరిట్. ఒక సీసా ఎప్పుడూ ఆమె బ్యాగులో ఉంటుంది. పైగా అమరేశ్వరరావు గారు ఎల్పీ రికార్డులను నీళ్ళలో కాస్త స్పిరిట్ కలిపి తుడవడం ఆమె కళ్ళారా ఎన్నోసార్లు చూసింది. ఈ ప్లేటు వేరు, దీనికి స్పిరిట్ తగలకూడదు అని ఆయన ఎప్పుడూ అనలేదు. నూట నలభై మూడు రికార్డుల పుట్టుపూర్వోత్తరాలు చెప్పిన మనిషి ఈ ఒక్క ముక్క చెప్పలేదు. చెప్పే అవసరం వస్తుందని ఆయనకెందుకు తోస్తుంది?

దూది తడిపి తుడిచింది. దూది నల్లగా వచ్చింది. ఎనభై ఏళ్ళ మురికి అనుకుంది. ఇంకో ఉండ తీసుకుని, వేలితో కాస్త గట్టిగా ఒత్తి, గుండ్రంగా, ఎంతో భక్తిగా తుడిచింది. ప్లేటు తళతళా మెరిసింది. పీట మీద తెల్లబట్ట పరిచి, పుస్తకాల పైన దాన్ని పెట్టి, లేబుల్ అంచున చిన్న గంధం చుక్క, దాని మీద కుంకుమ పెట్టింది. చూసుకుంటే ఆమెకే ముచ్చటేసింది.

హారతి వేళకు అసలు సంగతి బయటపడింది. హారతి పళ్ళెం పట్టుకుని వంగిన అమరేశ్వరరావు గారు వంగినవారు వంగినట్టే ఉండిపోయారు. పాల మీద మీగడ కట్టినట్టు నల్లటి పూత ముడతలు పడి ఉంది. అంచుల్లో పగిలి, చిన్న చిన్న రేకులుగా లేచి, కింద అల్యూమినియం కనబడుతోంది. సూర్యకుమారి గారు పాడుతున్న మంగళహారతి సగంలో ఆగిపోయింది.

“దీన్ని ఎవరు ముట్టుకున్నారు?”

“నేనే తుడిచిన అంకుల్. బూజుందని. స్పిరిట్‌తోటి.” భయపడ్డప్పుడు ధాత్రి నోట ఖమ్మం మాటే వస్తుంది.

ఆయన అరిచి ఉంటే బాగుండేది. పళ్ళెం కింద పెట్టి, కుర్చీలో కూర్చుని, పాఠం చెప్పేవాడిలా చెప్పారు. “అది బూజు కాదమ్మా. పూతలో ఆముదం కలుపుతారు. ఏళ్ళు గడిచేకొద్దీ అదే తెల్లగా పైకి తేలుతుంది. స్పిరిట్ తగిలితే పూతే కరిగిపోతుంది.” ఆగి, మళ్ళీ అన్నారు. “దూది నల్లబడింది కదూ? ఆ నలుపే పాట.”

ధాత్రికి వంటింటి చెత్తబుట్టలో పడేసిన దూది ఉండలు గుర్తొచ్చి పరుగెత్తుకెళ్ళి ఏరి తెచ్చింది. తెచ్చాక వాటిని ఏం చేయాలో తెలియక గుప్పిట్లో పట్టుకుని నిలబడింది.

ఆ రోజంతా ఇంట్లో ఎవరూ గారెలు ముట్టుకోలేదు. మర్నాడు సూర్యకుమారి గారే మాట కదిపింది. “పాతబడ్డ వస్తువు, దానంతటదే పెచ్చులూడిందని చెప్పండి. మీరే అంటారుగా, అలాంటివి వాటంతటవే పోతాయని. పిల్ల కావాలని చేసిందా? పెద్దావిడకి నిజం చెప్పి సాధించేదేముంది?”

చరిత్రలో ఒక తేదీ తప్పు పడితే అమెరికా యూనివర్సిటీలకు ఉత్తరాలు రాసే అమరేశ్వరరావు గారు, ఫోను పక్కన పెట్టుకుని ఆదివారం పొద్దుటి దాకా అలాగే కూర్చున్నారు. ఆయన తన కోసం కాకపోయినా ధాత్రిని కాపాడటం కోసమైనా ఆ అబద్ధం ఆడేస్తారని ఆమెకు అర్థమైంది. అర్థమై, ఒక్క క్షణం ప్రాణం కుదుటపడింది కూడా. ఆ కుదుటపడినందుకే తన మీద తనకు అసహ్యం వేసింది.

“నేను బస్సులో పోయి చెప్పి వస్తా అంకుల్,” అంది షూస్ వేసుకుంటూ.

ఆయన లేచి కారు తాళాలు తీసుకున్నారు.

మిస్ లొరెయిన్ ఇల్లు చిన్న ఇటుకల ఇల్లు. తలుపు తీసి, ఆయన చేతిలో రేకు పెట్టె చూడగానే ఆవిడ మొహం విప్పారింది.

“తెచ్చావా? మనసు మార్చుకున్నావా? ముందే చెబితే రికార్డ్ ప్లేయర్ మీద దుమ్ము దులిపి ఉంచేదాన్ని కదా.”

ధాత్రి, ఇంక ఆలస్యం చేస్తే నోరు పెగలదని, గుమ్మంలో నిలబడే అంతా చెప్పేసింది. పూజ సంగతి, బూజు సంగతి, స్పిరిట్ సంగతి. ఆవిడ అంతా విని లోపలికి రమ్మంది. సోఫాలో కూర్చుని పెట్టె ఒళ్ళో పెట్టుకుని తెరిచింది. లేచిన పూతరేకుల్ని వేలితో తాకబోయి, తాకలేదు. ఎర్రటి బొట్టును చూసి అదేమిటని అడిగింది.

“పవిత్రమైన వాటికి పెడతాం మేడమ్,” అంది ధాత్రి, ఏడుపు ఆపుకోలేక.

“శుభ్రంగా ఉంచాలనుకున్నావు. అది తప్పు కాదులే.” ఆవిడ తల ఎత్తి ధాత్రిని కాదు, అమరేశ్వరరావు గారిని చూసింది. “నిన్ను ఎన్నిసార్లు అడిగాను అమర్?”

“నాలుగుసార్లు.”

“ఐదు. ఆసుపత్రిలో ఉన్నప్పుడు ఫోన్‌లో అడిగింది మర్చిపోయావు. అమ్మ పేరు పుస్తకాల్లో ఎక్కాలని నేనెప్పుడన్నా అన్నానా? అది నీకు కావాల్సింది. నాకు కావాల్సింది మూడు నిమిషాలు.”

ఆవిడ గొంతులో కోపం లేదు. అందుకే ధాత్రికి అక్కడ కూర్చోవడం దుర్భరమైపోయింది.

కాసేపటికి మిస్ లొరెయిన్ వీపు నిటారు చేసుకుంది. “ఈ పిల్ల అన్ని రికార్డులూ విన్నదన్నావు కదా? అయితే సాయం చేస్తుంది. అమ్మ అప్పుడప్పుడు ఆదివారాలు ఈ ప్లేటు పెట్టేది. పద్దెనిమిదేళ్ళు విన్నాను. ఎక్కడికి పోతుంది? నాలోనే ఉంటుంది. నేను పాడతాను. నేను పాడింది వేరే వాళ్ళ రికార్డులో ఉన్నదైతే ఉందని చెప్పు. ఎవరి దగ్గరా లేనిది తగిలితే అది అమ్మది.” మళ్ళీ అంది, “ఈ పాట గురించి అందరూ ఎనభై ఏళ్ళు అబద్ధాలు చెప్పారు. నువ్వు మాత్రం చెప్పకు.”

కళ్ళు మూసుకుని కూనిరాగం తీసింది. బొంగురు గొంతే గానీ శ్రుతి తప్పలేదు. మొదటి వాక్యం అయ్యేసరికే ధాత్రికి తెలిసిపోయింది. చివర కిందికి దిగింది.

“1956. కోరా డెలానీ.”

“కాదు, ఇంకొంచెం...” మళ్ళీ మొదలుపెట్టింది. ఈసారి మధ్యలో ఒక విరుపు.

“అది లెన్ బార్టోది మేడమ్. సాక్సఫోన్. 1961.”

ఆవిడ తల ఊపింది. తప్పు చెప్పిన పిల్లలా మళ్ళీ, మళ్ళీ ప్రయత్నించింది. జపాన్ పియానోది వచ్చింది. ఒకసారి ఎవరిదో రేడియో ప్రకటనలో వాడుకున్న ముక్క వచ్చింది, దానికి ఆవిడే విసుక్కుని సగంలో ఆపేసింది. తర్వాత ఆవిడ వేళ్ళు పెట్టె అంచు మీద మెల్లగా కదిలాయి.

“పాటకు ముందొక ముక్క ఉండేది. అదే. అమ్మ అది పాడేటప్పుడు ఎడమ చేయి వాయించేది కాదు.”

నాలుగు స్వరాలు, మెల్లగా, మెట్లెక్కినట్టు. ఇది ఎక్కడా లేదు. ధాత్రి మనసులో నూట నలభై మూడూ గిర్రున తిరిగాయి, ఎక్కడా లేదు. పక్కన మోకాలి మీద అమరేశ్వరరావు గారి చేయి తాళం అందుకుంది. రెండో వాక్యం కూడా ఎక్కడా లేదు. దేవుడా, ఇలాగే పోనీ అనుకుంది. మూడో వాక్యం కొంచెం పక్కకు వాలి, ఒక స్వరం దగ్గర తచ్చాడి, ఆగి, జారింది.

అమరేశ్వరరావు గారి చేయి ఆగిపోయింది.

మిస్ లొరెయిన్ కళ్ళు తెరిచింది. మొహం వెలిగిపోతోంది. “ఇది? ఇది ఎవరిది?”

ఎక్కడా లేదని ఒక్క మాట అంటే చాలు. తను చేసిన పాపమంతా కడుక్కుపోయేంత చిన్న మాట. ధాత్రి ఆయన వైపు చూసింది. ఆయన నేల వైపు చూస్తున్నారు. ఈసారి ఆయన సరిదిద్దరు, అదీ తెలుస్తూనే ఉంది.

“1974,” అంది ధాత్రి. “స్టాక్‌హోమ్. ముగ్గురు కలిసి వాయించింది. పాట మొదలయ్యే ముందు పియానో ఇలాగే వస్తుంది. మొదటి రెండు వాక్యాలు అందులో వేగంగా ఉంటాయి, అందుకే వెంటనే పట్టుకోలేకపోయాను.”

“నేను స్టాక్‌హోమ్ రికార్డు ఎప్పుడు విన్నాను?”

అమరేశ్వరరావు గారు తల ఎత్తకుండానే చెప్పారు. “నేనిచ్చాను లొరెయిన్. క్యాసెట్. ఏటా క్రిస్మస్‌కు ఒకటి చేసి ఇచ్చేవాణ్ణిగా. అన్నీ ఈ పాటే.”

“అవును, ఇచ్చావు,” అంది ఆవిడ. “పాతికేళ్ళు. మంచి క్యాసెట్లు. వంట చేసుకుంటూ రోజూ పెట్టుకునేదాన్ని, అమ్మ పాట కదా అని.”

గోడ అవతల ఎవరో కారు స్టార్ట్ చేసుకుని వెళ్ళిపోయారు. మిస్ లొరెయిన్ పెట్టె మూత వేసింది. ధాత్రి ఏదో అనబోతే చేయెత్తి వద్దంది.

“మీరిద్దరూ వెళ్ళండి,” అంది. “ఆమె నాలో ఉందనుకున్నాను. ఇవాళ్టి దాకా.”